గోడ మీద ఐదు నలభై

ఈ గడియారం నిజం చెబుతోందో లేదో నాకు తెలియదు. కోర్టు వరండాలో నా బెంచీకి ఎదురుగా, గోడకు ఎత్తున తగిలించారు, పదకొండూ ఐదు అంటోంది, అననివ్వండి, దానికేం, గడియారం చేత ఎవరూ ప్రమాణం చేయించరు కదా. నా చేత చేయించారు. రెండేళ్ల కిందట కింది కోర్టులో చెయ్యెత్తి అంతా నిజమే చెబుతానన్నాను, ఇవాళ ఈ పై కోర్టులో మళ్లీ ఎత్తమంటారో, నీ మొహం చాల్లే పొమ్మంటారో, పద్నాలుగో నంబరు పిలిచాక తేలుతుంది. ఇప్పుడు తొమ్మిది నడుస్తోంది. బంట్రోతు తలుపు సందులోంచి తల బయటపెట్టి నంబరు అరుస్తాడు, అరిచినప్పుడల్లా నా నంబరుకు ఇంకెన్నో వేళ్ల మీద లెక్కపెట్టుకుంటాను. అవతలి చివర చనిపోయిన పిల్ల తల్లి కూర్చుంది. ఒళ్లో ప్లాస్టిక్ కవరు, కవర్లో కాగితం. మా ఇద్దరి మధ్య ముగ్గురు పట్టే చోటుంది, ఎవరూ కూర్చోవడం లేదు. ఆవిడ నాతో మాట్లాడి రెండేళ్లయింది, తప్పు ఆవిడది కాదు. ఆవిడ కూతుర్ని మెట్ల మీంచి తోసి చంపినవాణ్ణి కింది కోర్టు వదిలేసింది, వదిలేయడానికి ఆ తీర్పులో రాసిన కారణం నేను. "ఈ సాక్షి నమ్మదగినది కాదు" అని రాశారు. నా కూతురు చదివి వినిపిస్తే అన్నం కలుపుతున్న చెయ్యి కంచంలోనే ఆగిపోయింది.

ఎదుటి లాయరు వెళ్తున్నాడు. నన్ను చూసి తల పంకించాడు, పెళ్లిలో దూరపు చుట్టాన్ని పలకరించినట్టు. కాలర్ ఎడమ ముక్క కుడి ముక్క కన్నా పొడుగు, నూలుపోగంత, ఎవరికీ కనిపించదు, నాకు కనిపిస్తుంది. ఇరవై రెండేళ్లు కాలర్లే కుట్టాను. చొక్కా ఒక్కరు కుట్టరు మా దగ్గర, చేతులు ఒకరివి, జేబులు ఒకరివి, కాలర్లు నావి, కాజాలు ఆ పిల్లవి. అందుకే అందరికీ నేను కాలరక్కను, అది కాజాల పిల్ల. సొంత పేర్లు హాజరు పుస్తకంలో ఉండేవి, ఎవరూ వాడేవాళ్లు కాదు. సూపర్‌వైజరుకు కూడా మేమే పేరు పెట్టాం, విజిల్ అని, మెడలో ఎప్పుడూ ఒకటి వేలాడేది, దానితోనే పిలిచేవాడు, దానితోనే తిట్టేవాడు. ఒకసారి ఊదితే దారం అయిపోయిందా అని, రెండుసార్లు ఊదితే బాత్రూమ్‌లో ఎంతసేపు అని. వాడికి మాటలొచ్చని మాకు తెలిసింది కోర్టులోనే, "నేను నిర్దోషినండి" అన్నప్పుడు. గొంతు సన్నగా, మర్యాదగా ఉంది.

రెండు టైములుండేవి మాకు. గోడ టైమూ, గేటు టైమూ. లోపలికి వెళ్లేటప్పుడు గేటు దగ్గర పెట్టెలో ఫోన్లూ వాచీలూ వేసి వెళ్లాలి, పని మీద ధ్యాస ఉండదని చెప్పేవాళ్లు. ఇక లోపల ఉన్నది గోడ మీద గడియారం ఒక్కటే. పొద్దున అది బుద్ధిగానే నడిచేది. అన్నం తిని వచ్చేసరికి ఇరవై నిమిషాలు వెనక్కి పోయి ఉండేది. కింద స్టూలు మీద విజిల్ చెప్పుల దుమ్ము కనిపించేది, తుడవాలన్న సిగ్గయినా ఉండేది కాదు వాడికి. సాయంత్రం గోడ మీద ఆరు కొడితే మిషన్లు ఆపి, మెట్లు దిగి, గేటు దగ్గర ఫోన్ తీసుకుంటే ఆరూ ఇరవై. ప్రతిరోజూ. నలభైమందిమి ఆ ఫోన్లు చూసుకునేవాళ్లం, ఒకరి మొహం ఒకరం చూసుకునేవాళ్లం కాదు. ఏళ్ల తరబడి ఎవరూ వాడి ముందు ఆ మాట ఎత్తలేదు. ఎత్తితే ఏమవుతుందని కాదు. ఎత్తితే ఇన్నాళ్లూ తెలిసే ఊరుకున్నావా అని ఎవరైనా అడుగుతారు కదా, ఆ సిగ్గు. దొంగ కన్నా దోపిడీకి గురైనవాళ్లకే ఎక్కువ సిగ్గు ఎందుకుంటుందో ఏ కోర్టూ చెప్పదు.

"పది" అని అరిచాడు బంట్రోతు. ఎవరో ముసలాయన చెప్పులు చేత్తో పట్టుకుని లోపలికి పోబోతుంటే వేసుకోమన్నారు. నేను కూడా కింది కోర్టులో మొదటిసారి అదే చేశాను. విడిచేశాను, బోనులో నేల చల్లగా ఉంది, అరికాళ్లు వణికాయి, వణుకు చూసి జడ్జిగారు భయపడుతోందనుకున్నారో అబద్ధమాడుతోందనుకున్నారో. ఇవాళ బూట్లు వేసుకొచ్చాను, మా ఆయన షెడ్డులో వేసుకునేవి, నాకు రెండు వేళ్లు పెద్దవి. "ఏంటే ఆ వేషం, యుద్ధానికా?" అన్నాడు మా ఆయన పొద్దున. లారీలు బాగుచేసే మనిషి, చేతులకు గ్రీజు ఎప్పటికీ పోదు, నోటికి వెటకారం ఎప్పటికీ పోదు. "యుద్ధానికే" అన్నాను. "సరే, ముందు బువ్వ తిని పో, ఖాళీ కడుపుతో ఎవడూ గెలవలేదు" అని కంచం పెట్టాడు. తిన్నాను. పిల్ల తల్లి తిన్నట్టు లేదు, పెదవులు ఎండిపోయాయి. నా సీసాలో నీళ్లున్నాయి, ఇవ్వాలా, ఇస్తే తీసుకుంటుందా. నేనెవర్ని ఇవ్వడానికి.

సన్నగా ఉండేది ఆ పిల్ల, ఇరవై నాలుగేళ్లు, నవ్వితే చిగుళ్లు కనిపించేవి, నోటికి చెయ్యి అడ్డం పెట్టుకునేది. సాయంత్రం బడిలో చేరింది, చొక్కా మొత్తం కాగితం మీద గీసి కత్తిరించడం నేర్పే బడి. "ఎన్నాళ్లని కాజాలకే పుట్టానన్నట్టు ఉండాలక్కా, చొక్కా అంతా నాదవ్వాలి" అనేది. క్లాసు ఆరున్నరకు, నడిస్తే ఇరవై అయిదు నిమిషాల దారి. నిజంగా ఆరుకు వదిలితే అయిదు నిమిషాల ముందే వెళ్లొచ్చు. ఆరూ ఇరవైకి వదిలితే రోజూ పావుగంట ఆలస్యం. ఎనిమిది నెలలు రోజూ పావుగంట ఆలస్యంగా వెళ్లింది. పరీక్షకు మాత్రం ఆరున్నర దాటితే లోపలికి రానివ్వరు. ముందురోజు విజిల్‌ను అడిగింది, రేపు కాస్త ముందు పంపండి సార్ అని. వాడు గడియారం వైపు వేలు చూపించి, ఆరు కొట్టాక వెళ్లు, ఎవడు వద్దన్నాడు, అన్నాడు. ఆ మర్నాడు అది వాచీ పెట్టుకొచ్చింది. చేతి రుమాలు కింద దాచి, గేటు దాటించి, కాజాల మిషన్ వెనక కూర్చుని నాకు ఒక్కసారి చూపించింది. సన్నటి వాచీ, ఎర్ర పట్టీ. "అక్కా, ఇవాళ మన హాల్లో రెండు గడియారాలు" అంది నవ్వుతూ. నేను "జాగ్రత్తే పిల్లా" అన్నాను. జాగ్రత్తే, అంత మాత్రమే అన్నాను, పెద్దదాన్ని, ఇరవై రెండేళ్ల అనుభవం.

దాని వాచీలో సరిగ్గా ఆరుకు లేచింది. గోడ మీద ఐదు నలభై. మిషన్ మీద గుడ్డ కప్పింది, కత్తెర సొరుగులో పెట్టింది, అన్నీ పద్ధతిగా. విజిల్ అప్పుడే బయటినుంచి వచ్చి మెట్ల తలుపు దగ్గర నిలబడ్డాడు, చేతిలో ఇంకా బండి తాళాలున్నాయి. అది వాణ్ణి దాటి మెట్ల మొదట్లో నిలబడి, వాడి వైపు తిరిగి మణికట్టు ఎత్తి చూపించింది. "సార్, గేటు టైము ఆరైంది. నాకు పరీక్ష ఉంది." మిషన్ల మోత మీద నాకు వినిపించేంత గట్టిగా అంది, అంతే. తిట్టలేదు, ఏడవలేదు. ఆ హాల్లో పైకి ఎవరూ అనని మాట అది అనేసింది, గేటు టైము అని. వాడి మొహం నేను చూశాను. గుమ్మడికాయ దొంగ భుజాలు తడుముకున్నట్టు ముందు గడియారం వైపు చూశాడు, తర్వాత ఎవరైనా విన్నారా అని మా వైపు, తర్వాత దాని చేతివైపు. వాచీ పట్టుకుని గుంజాడు. అది చెయ్యి లాక్కోబోయింది. అప్పుడు ఎడం చేత్తో దాని మణికట్టు వదలకుండానే కుడి చేత్తో ఛాతీ మీద తోశాడు. పట్టీ తెగింది. వాచీ వాడి చేతిలో ఉండిపోయింది, పిల్ల ఉండలేదు. పదకొండు ఇనుప మెట్లు. నలభై మిషన్ల మోతలో చప్పుడు వినపడలేదు. నా మిషన్ ఒక్కటే ఆగింది.

మూడో రోజు పోయింది. తెలివి రాలేదు.

ఆ సాయంత్రమే పోలీసాయన అడిగాడు, ఎప్పుడు జరిగిందమ్మా అని. కళ్లు మూసుకుంటే గోడ కనిపించింది. ఐదు నలభై అన్నాను. ఎక్కడ జరిగిందో అక్కడి టైమే చెబుతాం కదా ఎవరైనా. పెన్నూ కాగితం ముందు, రక్తం అంటిన చీరతో నిలబడి, దీనికి ఇరవై కలిపి చెప్పాలి అని ఎవరికి తడుతుంది. మాలో ఎవర్ని అడిగినా ఐదు నలభయ్యే అని ఉండేవాళ్లు, పోలీసులు అడిగిన మిగతావాళ్లు అసలు ఏమీ చూడలేదన్నారు కాబట్టి గొడవ లేకపోయింది. మర్నాడు పొద్దున పోలీసులొచ్చి గడియారం తమ వాచీతో సరిచూసుకున్నారు. నిమిషం తేడా లేదు. రాసుకున్నారు. అంతకు ముందు రాత్రే ఓనరు దాన్ని సరిచేయించాడు, ఇక ఆ తర్వాత ఎన్నడూ ఎవరూ స్టూలెక్కలేదు. ఇప్పుడు మావాళ్లంతా నిజమైన ఆరింటికి ఇళ్లకు పోతున్నారు. ఎవరూ ఆ మాట అనుకోరు గానీ, ఆ ఇరవై నిమిషాలూ ఆ పిల్ల ఇచ్చి పోయినవి. ఒకామె వంట త్వరగా అవుతోందని సంబరపడితే నేను మూడు రోజులు ఆమెతో మాట్లాడలేదు, ఆమె చేసిన తప్పేంటో ఆమెకే తెలియదు.

పన్నెండు. పదకొండు ఎప్పుడు పిలిచారో వినలేదు. నల్లకోట్లు అటూ ఇటూ తిరుగుతున్నాయి, ఎవరి మొహాల్లోనూ తొందర లేదు, తొందరంతా బెంచీల మీద ఉన్నవాళ్లది. కింది కోర్టులో ఎదుటి లాయరు కూడా తొందరపడలేదు. "ఎంత దూరం నుంచి చూశారమ్మా?" నాలుగు మిషన్ల దూరం అన్నాను. మీటర్లలో చెప్పమన్నాడు. నేను మీటర్లలో గుడ్డ కొలుస్తాను గానీ మనుషుల్ని కొలవను. పది ఉంటుందన్నాను. పోలీసుల పటంలో పదహారుంది. "కుట్టేటప్పుడు కళ్లు సూది మీద ఉండాలి కదా, చూపు తిప్పితే వేలు పోదా?" ఇన్నేళ్లు కుట్టాక వేళ్లే చూసుకుంటాయండి, అన్నాను. జడ్జిగారు దాన్ని తన మాటల్లో టైపు చేసే అమ్మాయికి చెప్పారు, సాక్షి చూడకుండానే కుట్టగలనని చెప్పుకుంటోంది, అని. నేను చెప్పుకోలేదు. చెప్పాను. "ఆమె చేతికి వాచీ ఉందన్నారు, ఆస్పత్రివాళ్లు రాసుకున్న వస్తువుల్లో రెండు గాజులు, తలపిన్నులు, ఒక చెప్పు ఉన్నాయి, వాచీ లేదేం?" వాడి దగ్గర ఉండిపోయిందండి. "మీరు ఊహించారా?" చూశానండి. "మా క్లయింటు ఐదూ ముప్పై ఎనిమిది నుంచి ఐదూ నలభై అయిదు దాకా పక్కపేటలో గుడ్డల గోడౌన్లో ఉన్నాడు, కెమెరాలో ఉంది, చూస్తారా?" చూపించారు. వాడే. తాన్లు లెక్కపెట్టించి సంతకం పెడుతున్నాడు. మూలన అంకెలు, ఐదూ నలభై. బండి మీద మా హాలుకు అయిదు నిమిషాల దారి.

అప్పుడు తెలిసింది నాకు, లాయరు ఎక్కడికి తోలుకెళ్తున్నాడో. గొర్రెను కూడా అంత నిదానంగా తోలరు. "మీ హాల్లో గోడ గడియారం సరైన టైమే చూపించేదా అమ్మా?" అన్నాడు, అసలు అది పెద్ద విషయమే కానట్టు, కాగితాలు సర్దుకుంటూ. నోరు తెరిచాను. వెనక బెంచీలో ఓనరు కూర్చున్నాడు, కాలు మీద కాలు వేసుకుని. మా ఆయన మోకాలికి ఆపరేషన్ అయి నెల, నా పని మీదే ఇల్లు నడుస్తోంది. ఓనరు పక్కన మావాళ్లు ఆరుగురు, సాక్ష్యానికొచ్చి సూది తప్ప ఏమీ చూడలేదని చెప్పి కూర్చున్నవాళ్లు, వాళ్ల కళ్లన్నీ నా నోటి మీదే. లేదండి, రోజూ ఇరవై నిమిషాలు తగ్గించేవాళ్లు, అంటే చాలు. మింగలేక కక్కలేక నిలబడ్డాను. రోజూ తెలుసా మీకు, ఎన్నేళ్లుగా తెలుసు, తెలిసి ఏం చేశారు, అని ఇంకో మూడు ప్రశ్నలు వస్తాయి కదా. "సరిగ్గానే చూపించేదండి" అన్నాను. లాయరు "థాంక్యూ అమ్మా" అని కూర్చున్నాడు. అంత మర్యాదగా ఎవరూ నన్ను ఎన్నడూ కూర్చోబెట్టలేదు.

తీర్పు ముప్పై ఒక్క పేజీలు. ఐదు నలభైకి మనిషి అక్కడ లేడు, గడియారం తప్పని ఎవరూ అనలేదు, ఐదు నలభైకి పడితే ఆరూ ముప్పై అయిదుకు గానీ ఆస్పత్రికి ఎందుకు చేరలేదు, దూరం చెప్పలేదు, వాచీ కల్పించింది, ఈమె అసలు చూసిందా అన్నదే అనుమానం. కాలుజారి పడి ఉండవచ్చు. విడుదల. బయట వాడికి పూలదండ వేశారు. ప్రభుత్వం తరఫున పై కోర్టుకు అప్పీలు వేసింది మా లాయరమ్మ, యాభై దాటిన మనిషి, కళ్లజోడు నెత్తి మీద పెట్టుకుని దానికోసమే వెతుక్కుంటుంది. ఉన్న మాట మొహం మీదే చెప్పింది నాకు. "కష్టం అమ్మా. వదిలేసిన మనిషి నిర్దోషి అని రెండుసార్లు అనుకోవాలి మనం. ఒకటి అందరికీ ముందునుంచే ఉంటుంది. రెండోది కింది జడ్జిగారు ఇచ్చారు. రెండు రకాలుగా అనుకునే వీలుంటే వీళ్లు ఆయన మాటే ఉంచుతారు. పైగా ఆయన నిన్ను కళ్లారా చూశారు, వీళ్లు చూసేది కాగితాన్ని." కళ్లారా చూశారా? ఆయన చూసింది టైపు చేసే అమ్మాయి వేళ్లను. అయినా ఆ నియమం మీద నాకు కోపం లేదు, ఉండకూడదు. మా తమ్ముణ్ణి చెయ్యని దొంగతనానికి పట్టుకెళ్లినప్పుడు ఆ నియమమే ఇంటికి పంపింది, వాణ్ణి మళ్లీ మళ్లీ ఈడ్చకుండా కాపాడింది. గొడుగు మంచిదే. దాని కింద ఎవడు దూరాడన్నదే నా గొడవ, దూరడానికి దారి ఇచ్చింది నేనే అన్నది నా గొడవ.

కాలర్‌లో కుట్టు తప్పితే దాని మీద ఇంకో కుట్టు వేయకూడదు. వేస్తే ముడుచుకుంటుంది, ఎంత ఇస్త్రీ చేసినా లేవదు. విప్పాలి. విప్పితే సూది బెజ్జాలు కనిపిస్తాయి, కనిపించనీ. ఆరు వారాల కిందట లాయరమ్మ దగ్గరకెళ్లి చెప్పాను, గడియారం సరైనదని చెప్పింది అబద్ధమండి అని. ఆవిడ కళ్లజోడు నెత్తి మీంచి దించి పెట్టుకుంది. "ఇది కాగితం మీద పెడితే ప్రమాణం మీద అబద్ధమాడావని నీ మీదే కేసు పెట్టొచ్చు. జైలు కూడా పడొచ్చు. అంతా చేసి, కోర్టు దీన్ని తీసుకోకపోవచ్చు కూడా. తీసుకున్నా వాళ్ల లాయరు ఒకే ప్రశ్న అడుగుతాడు, అప్పుడు అబద్ధమా ఇప్పుడు అబద్ధమా అని. ఏం చెబుతావో ఆలోచించుకో." ఆరు వారాలుగా ఆలోచిస్తున్నాను, గిన్నెలు తోముతూ, బస్సులో, నిద్రలో. సంతకం మాత్రం ఆ రోజే పెట్టాను. మర్నాడు పనికెళ్తే నా మిషన్ లేదు. "పాడైందమ్మా, బాగుకు పంపాం" అన్నాడు ఓనరు. ఇరవై రెండేళ్లు పాడవనిది ఒక్క సంతకంతో పాడైంది. మంచి మిషన్, నన్నే పోలింది. ఇప్పుడు ఇంట్లో జాకెట్లు కుడుతున్నాను, వీధిలో వాళ్లు కాలర్లు పెట్టమని వేళాకోళం ఆడతారు. మా ఆయన రెండు రోజులు మాట్లాడలేదు. మూడో రోజు, "చేతులు కాలాక ఆకులు పట్టుకుంటే ఏం లాభమే" అన్నాడు. కాలిన చేతులకే కదా ఆకులు కావాలి, అన్నాను. నవ్వలేదు. గ్రీజు చేతులు గుడ్డకు తుడుచుకుంటూ, "జైలుకెళ్తే అక్కడ కుట్టుమిషన్లు ఉంటాయంటలే" అన్నాడు. ఆయన ఒప్పుకోవడం అంతకన్నా బాగా ఉండదు.

"పదమూడు."

"టైమెంతయింది?"

ఎవరడిగారా అని చూస్తే పిల్ల తల్లి. గోడ మీద గడియారం ఆవిడకూ కనిపిస్తుంది. కనిపిస్తూనే నన్నడిగింది. రెండేళ్లుగా ఎవరు టైమడిగినా నాకు చెమట పడుతుంది, కూరగాయలమ్మే ఆయన అడిగినా సరే.

"ఈ గోడ మీద పదకొండూ యాభై వదినా. బయట ఎంతో తెలియదు."

ఆవిడ తలూపింది, అదే సరైన జవాబన్నట్టు. ఆస్పత్రి లాండ్రీలో దుప్పట్లు మడతపెట్టే మనిషి, వేళ్లు నీళ్లలో నాని తెల్లగా ఉంటాయి. ఆ వేళ్లతో కవర్లోంచి కాగితం తీసి మధ్యలో ఉన్న ఖాళీలో పెట్టింది. సాయంత్రం బడివాళ్లు పంపిన హెచ్చరిక, పిల్ల పోవడానికి రెండు నెలల ముందుది. ఆరు నెలల్లో సెలవులు తప్ప ప్రతిరోజూ పదిహేను నిమిషాలు ఆలస్యంగా వచ్చారు, ఇలాగే జరిగితే పరీక్షకు అనుమతించము. లాయరమ్మ నా కాగితంతో పాటు దీని నకలు కూడా కోర్టుకు పెట్టింది. నా మాటకు తోడుగా ఉన్న కాగితం ఇదొక్కటే. నేను చదవడం అయ్యేదాకా ఆవిడ గోడకేసి చూస్తూ కూర్చుంది.

"ఈ ఉత్తరం వచ్చినరోజు దాన్ని కొట్టాను" అంది. "ఆరింటికే వదులుతారని అందరికీ తెలుసు కదా. రోజూ ఆ పావుగంట ఎక్కడ తిరుగుతున్నావే అని అడిగాను. ఎవడున్నాడే దారిలో అని అడిగాను. గోడ టైమమ్మా అంది. అబద్ధాలు నేర్చావా అని ఇంకోటి వేశాను."

ఆ ఇరవై నిమిషాలు మా అందరివీ కాజేశారనుకున్నాను ఇన్నాళ్లూ, కాళ్లనొప్పులూ, తప్పిపోయిన బస్సులూ, చల్లారిన కూరలూ లెక్కేసుకున్నాను. ఒక ఇంట్లో తల్లి కూతుర్ని నమ్మకుండా పోయిన సంగతి లెక్కలోకి రాలేదు. అదీ ఆ స్టూలు మీదే జరిగింది. అదీ నా నోటిదగ్గరే ఆగిపోయింది, కింది కోర్టులో, ఆ ఒక్క మాట దగ్గర.

"నువ్వు సంతకం పెట్టావని లాయరమ్మ చెప్పాక తెలిసింది నాకు, అది నిజమే చెప్పిందని. ఇంక నేను కోలుకునేది లేదు గానీ, ఆ ఒక్కటి తెలిసింది." కాగితం మళ్లీ కవర్లో పెట్టుకుంది. "అప్పుడే చెప్పి ఉంటే బాగుండేది."

"అవును వదినా" అన్నాను. క్షమించమని అడగలేదు. అడిగితే ఆవిడ మీద ఇంకో బరువు వేసినట్టవుతుంది. నీళ్ల సీసా జరిపాను. తీసుకుంది. పెదవులకు తగలకుండా ఎత్తి తాగింది, సగం తాగి మూత బిగించి నా వైపు కాకుండా మధ్యలో పెట్టింది. చాలు, మధ్యలో ఉండనీ.

"పద్నాలుగు."

బూట్లు చప్పుడు చేస్తున్నాయి, చేయనీ. లోపల చల్లగా ఉంది, ముగ్గురు జడ్జీలు, మధ్యాయన కాలర్ అంచు అరిగిపోయింది, ఇంట్లో ఎవరూ చూడరు కాబోలు పాపం. లాయరమ్మ చాలాసేపు మాట్లాడింది. ఎదుటి లాయరు ఇంకా ఎక్కువసేపు మాట్లాడాడు, ఇంత ఆలస్యంగా పుట్టిన కథ అన్నాడు, విడుదలైన మనిషిని ఎన్నాళ్లు వేధిస్తారన్నాడు. విజిల్ ఆఖరి వరసలో కూర్చున్నాడు, మెడలో ఏమీ లేదు, చెయ్యి మాటిమాటికీ ఛాతీ మీద తడుముకుంటోంది, అలవాటు. మధ్యాయన బడి ఉత్తరం నకలు రెండుసార్లు చదివాడు. పక్కవాళ్ల వైపు వంగాడు. తర్వాత, "ఆమె చెప్పేది రాసుకుందాం, నమ్మాలా వద్దా తర్వాత చూద్దాం" అన్నాడు. నన్ను బోనులోకి పిలిచారు. విప్పనా అని కాళ్లు అడిగాయి. విప్పలేదు. చెయ్యెత్తాను. లాయరమ్మ అడిగినవన్నీ చెప్పాను, స్టూలు, చెప్పుల దుమ్ము, గోడ టైము, గేటు టైము, ఎర్ర పట్టీ, ఐదు నలభై అంటే ఆరని. టైపు చేసే అమ్మాయి వేళ్లు టకటకలాడుతున్నాయి, మా హాలు శబ్దమే.

ఎదుటి లాయరు లేచాడు. కాగితాలు సర్దుకోలేదు ఈసారి.

"గడియారం సరైనదేనని కింది కోర్టులో ప్రమాణం చేసి చెప్పారా?"

"చెప్పానండి."

"అది అబద్ధమని తెలిసే చెప్పారా?"

"తెలిసే చెప్పానండి."

"అంటే కోర్టులో నిలబడి అబద్ధం చెప్పగల మనిషే మీరు. మరి మీ మాట ఎవరైనా ఎందుకు నమ్మాలి?"

పిల్ల తల్లి తలుపు దగ్గర నిలబడి ఉంది, కవరు గుండెకు ఆనించుకుని. ఆరు వారాలు వెతికిన జవాబు ఎక్కడికీ పోలేదు, నా నోట్లోనే ఉంది, ఇన్నాళ్లూ బయట వెతికాను. లాయరు వైపు కాకుండా మధ్యాయన వైపు తిరిగాను, అరిగిన కాలర్ వైపు.

"నేను నిజాలు చాలా చెప్పానండి ఆ రోజు. వాడు తోశాడన్నాను, నమ్మలేదు. వాచీ లాక్కున్నాడన్నాను, నమ్మలేదు. నా కళ్లతో చూశానన్నాను, నమ్మలేదు. ఒక్కటే అబద్ధం చెప్పాను. మీ కోర్టు నమ్మింది అదొక్కటే. దాన్ని పట్టుకునే వాణ్ణి వదిలేశారు. ఆ అబద్ధం నాది, నేను వెనక్కి తీసుకుంటున్నాను. జైల్లో పెడితే పెట్టండి. నేను చెప్పిన నిజాలు మాత్రం ఇంకా మీ దగ్గరే ఉన్నాయండి, ముట్టుకోకుండా."

టైపు చేసే అమ్మాయి వేళ్లు గాల్లో ఆగిపోయాయి, జడ్జిగారు ఆ మాటల్ని మార్చి చెబుతారేమోనని ఆయన వైపు చూస్తోంది. ఆయన ఏమీ చెప్పలేదు.

"ఆగావేం తల్లీ" అన్నాను. "నేను ఎలా చెప్పానో అలాగే కొట్టు."